బండ సందులో పువ్వు



బ్రిటన్‌లోని వేల్స్ దేశంలో స్నోడన్ అనే పర్వతం ఉంది. ఎత్తు 1,085 మీటర్లు. ఆ ప్రాంతపు నిటారు బండల పగుళ్లలో స్నోడన్ లిల్లీ అనే చిన్న పువ్వు పూస్తుంది. గడ్డిపోచల వంటి ఆకులు, ఎర్రని చారలున్న తెల్లని రేకులు. 17వ శతాబ్దంలో ఎడ్వర్డ్ లూయిడ్ అనే పండితుడు దీనిని గుర్తించాడు. మన హిమాలయాల్లో కూడా పెరిగే ఈ మొక్క, బ్రిటన్‌లో మాత్రం ఆ కొద్దిపాటి బండల మీదనే మిగిలింది. ఎందుకో తెలుసా? మెత్తని నేల మీద మొలిస్తే గొర్రెలు మేసేస్తాయి. గొర్రె కాలు మోపలేని చోటే దానికి ఆశ్రయమైంది.

సహోదరీ, సహోదరుడా, “ప్రభువా, నన్నీ ఇరుకులో ఎందుకుంచావు?” అని అడుగుతున్నావా? దావీదు దాగినది కూడా బండల్లోనే. ఆ ఇరుకే నిన్ను కాపాడుచున్నదేమో, ఆలోచించు.

అయితే ఒక హెచ్చరిక. చలిలో బ్రతికే ఈ మొక్కకు నేడు భూమి వేడెక్కడమే ముప్పు. ఇంకా పైకి పోదామంటే కొండ అక్కడితో సరి! గొర్రెకు అందని దానిని మన పొగ అందుకుంటున్నది. దేవుడు బండలో దాచిన దానిని మనం పోగొట్టవచ్చునా? కాపాడే మనస్సు ప్రభువు మనకు దయచేయును గాక. ఆమేన్.