సగంలో ఆగిన దుఃఖము: గెస్టాల్ట్ చికిత్సను గూర్చి కొన్ని మాటలు

(స్త్రీల మైత్రి సభ్యులు, ఉపదేశకులు కలిసిన కూటంలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ శతవార్షిక సంచికలో మందిరాల చరిత్రలు, బడుల, ఆసుపత్రుల వృత్తాంతాలు మీరు చదువుతారు. మాకు అప్పగించిన విషయం వేరు. దుఃఖంలో చిక్కుకున్న మనిషితో ఎట్లా కూర్చోవాలి, పదిమందిని ఒకచోట కూర్చోబెట్టి ఎట్లా మాట్లాడించాలి అన్న పనికి గెస్టాల్ట్ చికిత్స అనే పద్ధతి ఒకటున్నది. దానిని గూర్చి చెప్పమన్నారు. ఖమ్మం మొదలు భద్రాచలం, దుమ్ముగూడెం, చర్ల దాకా అడవి అంచు సంఘాలలో కౌన్సెలింగ్ పని చేస్తున్న వారము గనుక, పుస్తకాలలో ఉన్నది కొంత, ఇక్కడ చూసినది కొంత కలిపి చెప్తాము.

గెస్టాల్ట్ అన్నది జర్మను మాట. విడివిడి ముక్కలుగా గాక మొత్తంగా కనబడే నిండు రూపము అని అర్థం. ఇప్పపూల కాలంలో తెల్లవారుజామున చెట్టు కిందికి పోయిన మనిషికి ఎండుటాకులు, రాళ్లు, చీమలు ఎన్ని ఉన్నా పూలే కనబడతాయి. అదే చెట్టు కిందికి తప్పిపోయిన మేకపిల్లను వెదకుతూ పోయినవానికి పూలు కనబడవు. నేల ఒకటే, లోపలి అక్కర వేరు. అక్కరైనది ముందుకు వస్తుంది, తక్కినది వెనుకకు పోతుంది. అక్కర తీరితే ముందుకు వచ్చినది వెనుకకు తగ్గి మరొకదానికి చోటిస్తుంది. మాక్స్ వెర్ట్‌హైమర్, వోల్ఫ్‌గాంగ్ కోలర్, కుర్ట్ కోఫ్కా అనే పండితులు జర్మనీలో మనిషి చూపును పరిశోధించి ఈ ఆలోచనకు పునాది వేశారు. 1927లో బ్లూమా జీగార్నిక్ అనే ఆమె, ముగించిన పనికంటె మధ్యలో ఆగిన పనియే మనసులో ఎక్కువగా నిలుస్తుందని ప్రయోగాలు చేసి చెప్పింది. తరువాతి పరిశోధకులందరికీ ఆ ఫలితం అట్లాగే రాలేదు గాని, దుఃఖం విషయంలో ఆ మాట ఎంత నిజమో సమాధుల దగ్గర నిలబడే మన గురువులకు తెలుసు.

దీనిని చికిత్సగా మలచినవారు ఫ్రిట్జ్ పెర్ల్స్, ఆయన భార్య లారా పెర్ల్స్. ఫ్రిట్జ్ 1893లో బెర్లిన్‌లో యూదుల ఇంట పుట్టి, మొదటి ప్రపంచ యుద్ధంలో కందకాలలో పనిచేసి, వైద్యుడై, 1933లో హిట్లరు రాగానే దేశం విడిచి పారిపోయి, దక్షిణాఫ్రికా చేరాడు. అక్కడి నుండి 1946లో అమెరికా వెళ్లాడు. 1951లో రాల్ఫ్ హెఫర్‌లైన్, పాల్ గుడ్‌మన్‌లతో కలిసి ‘గెస్టాల్ట్ థెరపీ’ అనే గ్రంథం వెలువరించాడు. 1960ల నడుమ కాలిఫోర్నియాలోని ఎసలెన్‌లో నడిపిన గుంపులతో పేరు పొంది 1970లో మరణించాడు. లారా 1990 దాకా జీవించింది. దేహపు కదలికను, ఊపిరిని గమనించే భాగంలో ఆమె పాలు పెద్దది. పేరు మాత్రం భర్తకే ఎక్కువ దక్కింది. ఇది మన సంఘాలలో కూడ తెలియని సంగతి కాదు.

ఇక సిద్ధాంతం. మనిషి తన లోపల పుట్టినదానిని బయటికి రానీయకుండ ఆపుకునే తీరులు కొన్ని ఉన్నవని వీరంటారు. ఇతరుల మాటను నమలకుండ మింగుట ఒకటి. ‘మగవాడు ఏడవగూడదు’, ‘విశ్వాసి అయినవాడు దిగులుపడగూడదు’ అన్నవి అట్లా మింగిన ముద్దలే. అరగవు, బయటికీ రావు. ఎదుటివానిమీది కోపాన్ని తనమీదికే తిప్పుకొనుట మరొకటి. మందిరానికి వచ్చే తల్లులలో తలనొప్పి, మెడనొప్పి, గుండెల్లో మంట అని ఏళ్ల తరబడి సూదిమందులు వేయించుకునేవారిని గమనించండి. అందరికీ ఇదే కారణమని మేము అనము. ముందు వైద్యుడు చూడాలి. అయితే వైద్యుడు ఏమీ లేదన్న తరువాత కూడ నొప్పి ఉన్నదంటే, దానికి చెప్పుకోవలసినది ఏదో ఉండవచ్చు.

మన ప్రాంతంలో సగంలో ఆగినవి చాలా ఉన్నవి. 1986 ఆగస్టులో గోదావరి భద్రాచలం వద్ద 75.6 అడుగులకు వచ్చింది. 2022 జూలైలో మరల 71.3 అడుగులకు వచ్చింది. రెండు వరదలూ చూసిన ముసలివారు ఉన్నారు. 2014లో పోలవరం ముంపు మండలాలను ఆంధ్రప్రదేశ్‌లో కలిపినప్పుడు తోబుట్టువుల ఇళ్లు రెండు రాష్ట్రాలలో పడ్డవి. ముంపు ఊళ్లు విడిచినవారు ఇండ్లకు, పొలాలకు లెక్క కట్టించుకున్నారు. తాతల సమాధులకు, ఊరి చింతచెట్టుకు ఎవరు లెక్క కడతారు? 2005 తరువాత ఛత్తీస్‌గఢ్ అల్లర్లకు తాళలేక అడవి దాటి వచ్చిన కుటుంబాలు గుడిసెలు వేసుకొని మన పొలాలలో మిరపకాయలు ఏరుతున్నవి. వారు చూసినదానిని అడిగినవారే తక్కువ.

ఒక సంగతి చెప్తాము. ఆమె ఒప్పుకొన్నందున, ఊరు, గుర్తులు మార్చి చెప్తున్నాము. ఒక వానాకాలం ఆమె భర్త వాగు దాటబోయి కొట్టుకుపోయాడు. శవం దొరకలేదు. దొరకనందున సమాధి లేదు, సరిగా ఏడ్చుట కూడ లేదు. ఓదార్చను వచ్చినవారందరు ‘దేవుని చిత్తము, ఏడవకు, పిల్లలను చూసుకో’ అన్నారు. నాలుగేండ్లు ఒళ్లు నొప్పులు, నిద్రలేమి.

పెర్ల్స్ పద్ధతిలో ఎదురుగా ఖాళీ కుర్చీ వేస్తారు. మేము పీట వేసి, దానిమీద తువాలు మడిచి పెట్టాము. ‘ఇప్పుడు ఆయన ఇక్కడ కూర్చుంటే ఏమంటావు అక్కా?’ అన్నాము. చాలాసేపు మాటలేదు. చేయి మాత్రం కొంగును మెలిపెడుతున్నది. ‘ఆ చెయ్యి ఏం చేస్తున్నది?’ అంటే, ‘పిసుకుతున్నది’ అన్నది. కొంతసేపటికి గొంతు లేచింది. ‘వద్దంటే ఇన్నవా మావా? వాన తగ్గినంక పోదువంటే ఇన్నవా? పిల్లల నా మీదేసి పోతివి.’ నాలుగేండ్లలో మొదటిసారి ఆమె కోపం మాకు వినబడ్డది.

అంతటితో ఆపితే సగమే అయ్యేది. పీట మీద కూర్చొని భర్త మాటగా బదులు చెప్పమన్నాము. ఆమె కూర్చొని, తువాలు ఒడిలో పెట్టుకొని, మెల్లగా అన్నది: ‘ఇంట్ల బియ్యం లేవని నువ్వంటెనే గదా పోయిన.’ నాలుగేండ్లుగా ఎవరికీ చెప్పనిది ఇది. అప్పుడు ఓదార్పు మాట మా నోటిదాకా వచ్చింది, మింగుకొని ఊరుకున్నాము. తిరిగి తన చోటికి వచ్చి, ‘అన్న. పిల్లలు ఆకలని ఏడ్చిరి, అందుకే అన్న’ అని, తువాలును ముఖానికి అద్దుకొని ఏడ్చింది. ఆ రాత్రితో నొప్పులన్నీ పోయినవని మేము చెప్పము. నెల తరువాత, వాగు ఒడ్డున ఒక రాయి నిలబెడతానని అయ్యగారిని అడిగింది. చనిపోయినవారి పేర రాయి నిలుపుట కోయవారిలో పాతకాలం నుండి ఉన్నదే. ఆ రాయి దగ్గర ప్రార్థన జరిగింది.

ఇట్టి ఎదుటి పీట సంభాషణ గురించి కెనడాలో పైవియో, గ్రీన్‌బర్గ్ అనేవారు 1995లో ఒక పరిశోధన ప్రకటించారు. తమకు దగ్గరివారి విషయంలో తెగని బాధ ఉన్నవారికి, ఊరక బోధచేసిన గుంపుకంటె ఈ పద్ధతివలన ఎక్కువ మేలు కలిగిందని చూపారు. పాల్గొన్నవారు కొద్దిమందే. అయినా కేవలం నమ్మకం మీద ఆధారపడిన పద్ధతి కాదని తెలియుటకు అది చాలును.

ఈ పద్ధతిని ఉన్నదున్నట్లు తెలుగులోకి తేవడం కుదరదు. పెర్ల్స్ తన దగ్గరికి వచ్చినవారిని ‘అది’ అనవద్దు, ‘నేను’ అనమనేవాడు. చేయి వణుకుతున్నదంటే, ‘నేను వణుకుతున్నాను’ అనమనేవాడు. మన భాషలో కోపం వస్తుంది, ఏడుపు వస్తుంది, భయం వేస్తుంది, జాలి కలుగుతుంది. అవి మనకు వచ్చే చుట్టాల వంటివి. ‘నేను కోపంగా ఉన్నాను’ అని ఒక ముసలమ్మ చేత బలవంతాన అనిపిస్తే ఆమె బడిపిల్ల అప్పజెప్పినట్లు అంటుంది, లోపల ఏమీ కదలదు. అందుచేత మేము, ‘కోపం ఎవరిమీద వచ్చింది? ఒంట్లో ఎక్కడ కూర్చున్నది? ఏమంటున్నది?’ అని అడుగుతాము. ‘ఎందుకు’ అని అడగము. ‘ఎందుకు’ అంటే మనిషి తీర్పు ముందు నిలబడినట్లు సంజాయిషీ మొదలుపెడుతుంది. కోయ భాష ఇంటి భాషగా ఉన్నవారిని కోయలోనే మాట్లాడమంటాము. మాకు సగమే అర్థమైనా పరవాలేదు, ఎదుటి పీటకు అర్థమవుతుంది.

పెర్ల్స్ పేరుమీద ప్రసిద్ధమైన ‘గెస్టాల్ట్ ప్రార్థన’ అని ఒక చిన్న రచన ఉన్నది. నీ దారి నీది, నా దారి నాది, కలిస్తే సంతోషం, లేకపోతే చేయగలిగినది లేదు అన్నది దాని సారాంశం. అమెరికా యువకులకు అది విడుదలగా తోచి ఉండవచ్చు. ఒకే బోరింగు దగ్గర నీళ్లు పట్టుకొని, ఒకరి పొలంలో ఒకరు నాటు వేసేవారికి అది కుదిరే మాట కాదు. పద్ధతిని తీసుకుంటాము గాని ఆ ప్రార్థనను తీసుకొనము.

గుంపుల విషయం చూద్దాము. పెర్ల్స్ నడిపిన గుంపులో ఒక మనిషి నడుమ కుర్చీలో కూర్చుంటే తక్కినవారు చూసేవారు. పని అంతా ఆయనకు, ఆ మనిషికి మధ్యనే. తరువాత క్లీవ్‌లాండ్ నగరపు గెస్టాల్ట్ సంస్థవారు, గుంపు కూడ ఒక నిండు రూపమేనని, అందులోనివారు ఒకరితో ఒకరు పెట్టుకునే సంబంధంలోనే బాగుపడుట ఉన్నదని పద్ధతిని మార్చారు. మాకు నచ్చినది ఈ రెండవది. లీబర్‌మన్, యాలమ్, మైల్స్ అనేవారు స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయపు విద్యార్థులను 200కు పైగా మందిని వివిధ రకాల గుంపులలో పరిశీలించి, కొందరు గుంపువల్లనే దెబ్బతిన్నారని 1973లో ప్రకటించారు. గద్దించి, తొందరపెట్టి, లోపలిదంతా కక్కించే నాయకుల గుంపులలో ఆ హాని ఎక్కువ. ప్రసంగ బలం గల సేవకులు ఈ సంగతిని రెండుసార్లు చదువుకోవాలి.

పట్నంలో గుంపు విడిపోతే ఎవరిదారి వారిది. మన ఊళ్లో గుంపులో కూర్చున్న ఆమె అత్త పక్కింటిలోనే ఉంటుంది, మేనత్త గుంపులోనే ఉంటుంది. అందుచేత ఆరుగురు, ఎనిమిదిమందికి మించకుండ, వేర్వేరు ఊళ్లవారిని కలుపుతాము. స్త్రీలకు వేరుగా, పురుషులకు వేరుగా పెడతాము. సలహా ఇవ్వగూడదు, వాక్యం చెప్పి నోరు మూయించగూడదు, విన్నది వాకిలి దాటగూడదు. వీటిలో అన్నిటికంటె కష్టమైనది రెండవది. యోబు స్నేహితులు ఏడు దినములు, ఏడు రాత్రులు అతనితో నేలమీద ఊరక కూర్చున్నారు. నోరు విప్పిన తరువాతనే గదా తగాదా మొదలైనది. ఇక ‘మేము’ అని మొదలుపెట్టినవారిని ‘నేను’ అనమని వెంటనే దిద్దము. ముంపు ఊరివారికి ఆ బాధ నిజంగా ‘మేము’ది. ‘ఆ మేములో నీకు ఏది పోయింది?’ అని తరువాత అడగవచ్చును.

అందరికీ ఇది పనికిరాదు. ఎవరూ లేకుండ మాటలు వినబడేవారిని, తాగి ఉన్నవారిని, ప్రాణం తీసుకోవాలన్న తలంపులో ఉన్నవారిని పీట ముందు కూర్చోబెట్టకండి. ఆసుపత్రికి తీసుకొని వెళ్లండి. 2022లో ప్రభుత్వం ప్రారంభించిన టెలిమానస్ సేవకు 14416 నంబరుకు ఏ వేళనైనా ఫోను చేయవచ్చు, తెలుగులో మాట్లాడతారు. ఆత్మహత్యకు ప్రయత్నించినవారిని పోలీసులు పట్టుకుంటారన్న భయంతో దాచే ఇండ్లు ఇంకా ఉన్నవి. 2017 నాటి మానసిక ఆరోగ్య చట్టం అట్టివారిని తీవ్ర ఒత్తిడిలో ఉన్నవారిగా ఎంచి, శిక్షకు బదులు చికిత్స చూపమన్నది. పురుగుల మందు డబ్బాలు ఇంట్లో మంచం కింద పెట్టే అలవాటున్న మన మిరప, పత్తి రైతుల సంఘాలలో ఈ మాట బలిపీఠం నుండే ప్రకటించవలెనని మా మనవి. అట్లాగే ఈ ఒక్క ప్రసంగం చదివి ఎవరూ చికిత్సకు దిగవద్దు. వెల్లూరు వంటి చోట్ల క్రైస్తవ కౌన్సెలింగ్ శిక్షణ ఉన్నది. ప్రతి పాస్టరేటు నుండి ఒక స్త్రీని, ఒక పురుషుని పంపుటకు అధ్యక్ష ఖండం ఖర్చు పెట్టుకుంటే మేలు.

కూటం ముగించేటప్పుడు మేము చేసేది ఒకటి చెప్పి విరమిస్తాము. ప్రార్థనకు ముందు ప్రతివారిని, ఇప్పుడు ఇంటికి పోయి ఏమి వండుతారని అడుగుతాము. పప్పుచారు, ఎండుచేపల పులుసు, జొన్నగటక అని ఒక్కొక్కరు చెప్తుంటే ముఖాలు ఈ దినానికి, ఈ చోటికి తిరిగి వస్తాయి. ఆనాడు ఎక్కువగా ఏడ్చినవారిని ఒంటరిగా పంపము. గుంపులో ఒకరు తోడు వెళ్లి, ఆ రాత్రి వారింటనే పడుకొని, తెల్లవారి టీ తాగి వస్తారు.