జిప్సంలో జిప్సం ఎంత?



వేరుశనగ పూతకు వచ్చి ఊడలు నేలలోకి దిగే వేళకు ఎకరానికి 200 కిలోల జిప్సం వేయమని వ్యవసాయశాఖవారు చెప్పడం మీరెరిగినదే. ఊడ నేలలో దిగి కాయ అయ్యేటప్పుడు తనకు కావలసిన కాల్షియాన్ని వేళ్ల మీద ఆధారపడక, చుట్టూ ఉన్న మట్టినుంచి తానే పీల్చుకుంటుంది. అది చాలకపోతే కాయ పైకి నిండుగానే కనబడుతుంది. వలిస్తే లోపల గింజ ఉండదు. చౌడు నేలలకూ ఈ జిప్సమే మందు. ఇంత పనిచేసే వస్తువును మనం రంగు చూసి, వేళ్లతో నలిపి కొంటున్నాం. అందులో ఇసుక ఉండవచ్చు, సున్నపురాతి పొడి ఉండవచ్చు. ఏ కల్తీ లేకున్నా తడి ఉండవచ్చు. బస్తా తూకమంటే ఇవన్నీ కలిసిన తూకం.

మరి అసలు సరుకు ఎంతో తేల్చేదెట్లా? దీనికి పెద్ద యంత్రమేమీ అక్కరలేదు. హైదరాబాదులో తార్నాక దాటి ఉస్మానియా విశ్వవిద్యాలయ ప్రాంగణంలోకి వెళ్తే, రసాయనశాస్త్రం చదివే పిల్లలు మొదట నేర్చుకునే పనుల్లో ఇదొకటి. చిన్న పింగాణి మూసలో ఉప్పును తూచి, కాల్చి, చల్లార్చి, మళ్లీ తూస్తారు. తగ్గిన బరువును బట్టి మొదట అందులో ఏది ఎంత ఉన్నదో చెబుతారు. ఆ పక్కనే తార్నాకలో 1944లో మొదలై, ఇప్పుడు భారతీయ రసాయన సాంకేతిక సంస్థ అనే పేరుతో ఉన్న పరిశోధనాలయం వంటి చోట్ల, చిటికెడు పొడిని కాలుస్తూనే క్షణక్షణం తూచే త్రాసులుంటాయి. పనిముట్టు వేరు, లెక్క ఒక్కటే. జిప్సాన్ని కాలిస్తే పోయేది నీరేనని 1765లోనే ఫ్రాన్సు దేశపు లావోజియే చూపాడు.

జిప్సంలో నీరు రెండు రకాలు. ఒకటి పైతడి, వానకు, గాలికి పట్టినది, ఆరబెడితే పోతుంది. రెండోది రాతి లోపలే ఇమిడి ఉన్న నీరు. ఎండకు పోదు, కాల్చాలి. శుద్ధమైన జిప్సం 172 పాళ్లలో ఈ లోపలి నీరు సరిగ్గా 36 పాళ్లు. అంటే నూటికి దాదాపు 21. ఇది ఏ ఊరి జిప్సానికైనా మారదు. ఇసుకలో ఇటువంటి నీరు లేదు. సున్నపురాయి పొయ్యి వేడికి చలించదు. కాబట్టి లోపలి నీరు ఎంత పోయిందో తెలిస్తే జిప్సం ఎంత ఉన్నదో తెలిసినట్టే. పోయిన ప్రతి గ్రాముకూ 4.78 గ్రాముల జిప్సం అన్నమాట.

ఇక పని. ఒక్క బస్తా పైపొర తీస్తే చాలదు. నాలుగైదు బస్తాల అడుగునుంచీ మధ్యనుంచీ తీసి, గుడ్డమీద కలిపి, అందులోనుంచి 100 గ్రాములు తూచండి. నీడలో పలుచగా పరచి, తూకం ఇక తగ్గనంతవరకు ఆరనివ్వండి. 92 గ్రాములు మిగిలిందనుకుందాం. 8 గ్రాములు పైతడి. ఈ ఆరిన పొడిలో 50 గ్రాములు పాత ఇనుప పెనంలో వేసి కాల్చండి. ఆ పెనం మళ్లీ వంటకు వాడకండి. వేడెక్కేకొద్దీ ఆవిరి తన్నుకు వచ్చి, పొడి ఉడుకుతున్న గంజిలా కదులుతుంది. చూడ ముచ్చటగా ఉంటుంది గాని, ఆ దుమ్ము పీల్చరాదు. తరువాత మూత బిగువుగా ఉన్న డబ్బాలో చల్లార్చి తూచండి. మూత లేకపోతే గాలిలోని చెమ్మను తిరిగి లాక్కుంటుంది.

42.5 గ్రాములు తూగిందనుకోండి. పోయినది 7.5. దానిని 4.78తో హెచ్చిస్తే సుమారు 36. యాభైలో 36, అంటే నూటికి 72. కాని ఇది ఆరిన సరుకు లెక్క. మీరు కొన్నది తడి సరుకు కదా? 92లో నూటికి 72 చొప్పున 66 వస్తుంది. మీరు ఎకరానికి 200 కిలోలు చల్లానని అనుకుంటారు. నేలకు చేరిన జిప్సం 132 కిలోలే.

ఇక్కడ ఒక చిక్కు చెప్పాలి. జిప్సం తన నీటిని రెండు విడతలుగా విడుస్తుంది. మొదట నాలుగింట మూడు వంతులు సులువుగా పోతుంది. చివరి వంతుకు 200 డిగ్రీల పైన వేడి కావాలి. ఉడుకు ఆగింది గదా అని దింపేస్తే, నూటికి నూరుపాళ్లు మంచి సరుకు కూడా 75 పాళ్లుగానే కనబడుతుంది. కొట్టువానికి అన్యాయం చేసినవారమవుతాం. అందుకే రెండుమూడుసార్లు కాల్చి, తూకం ఇక తగ్గదని తేలాకనే లెక్క వేయాలి. పెనం మాత్రం ఎర్రబడరాదు. రేగడి మట్టి కలిసి ఉంటే దాని చెమ్మ కూడా పోయి, జిప్సం ఉన్నదానికంటే ఎక్కువ కనబడుతుంది. నానబెట్టి మురికిదేరుతుందేమో ముందు చూడండి.

త్రాసు విషయం ఇంకా ముఖ్యం. ఒక గ్రాము తేడా వస్తే ఫలితంలో నూటికి పదిపాళ్ల దాకా తేడా వస్తుంది. కిరాణా త్రాసు పనికిరాదు. కంసాలి త్రాసు కావాలి.

మిగిలినదానిలో సున్నపురాయి ఎంతో తెలుసుకోవాలంటే ఇంటి పొయ్యి చాలదు. 900 డిగ్రీల కొలిమి కావాలి. అక్కడ సున్నపురాయి 100 పాళ్లకు 44 పాళ్లు బొగ్గుపులుసు గాలిగా పోతుంది. అంటే ఆ విడతలో పోయిన ప్రతి గ్రాముకూ 2.27 గ్రాముల సున్నపురాయి. ఉన్నదా లేదా అన్నంతవరకైతే నిమ్మరసం చుక్క చాలు, పొంగితే ఉన్నట్టే.

రెండు కొట్లలో ధరలు అడిగినప్పుడు బస్తా ధరను పోల్చకండి. ఒకచోట 50 కిలోల బస్తాలో 33 కిలోల జిప్సం, మరోచోట 43 కిలోలు ఉంటే, ఆ 33కు ఎంత, ఆ 43కు ఎంత అని చూడండి. తగవు వచ్చేట్టుంటే ఇంటి లెక్క సాక్ష్యానికి నిలవదు. బిల్లు దాచి, మండల వ్యవసాయాధికారి చేతనే నమూనా తీయించి పరీక్షకు పంపించండి. అదీ బస్తాలు విప్పి చల్లకముందే.