వంటింటికి ఏ బల్బు తెచ్చుకోవాల?



మన ఇండ్లల్లో మంచి లైటు ముందర గదికి పోతుంది, వంటింటికి పాతది మిగులుతుంది. పొద్దున, రాత్రి కళ్లు చికిలించి పని చేసేది మనమే కదా! అందుకే ఈ మాట పెట్టుకున్నాను.

2014లో సర్కారు మన ఉమ్మడి అనంతపురం జిల్లాలో ఒక్కొక్కటి 10 రూపాయలకే ఎల్‌ఈడీ బల్బులు ఇచ్చే పథకం పెట్టింది. ఇప్పుడు అంగట్లో నానా రకాలు ఉన్నాయి. ఎంచుకునేది మనం నేర్చుకోవాల.

మొదట లెక్క చూడండి. 60 వాట్ల పాత బల్బు రోజుకు 5 గంటలు వెలిగితే నెలకు 9 యూనిట్లు కాలుతుంది. 9 వాట్ల ఎల్‌ఈడీకి ఒకటిన్నర యూనిట్ కూడా కాదు. వెలుతురు మాత్రం తగ్గదు. ఇది కూడా పొదుపే.

వాట్లు అంటే కరెంటు ఎంత తింటుందో, ల్యూమెన్లు అంటే వెలుతురు ఎంత ఇస్తుందో చెప్పే లెక్క. డబ్బా మీద రెండూ చదవండి. చిన్న వంటింటికి 800, 900 ల్యూమెన్ల బల్బు ఒకటి చాలు. పెద్దదైతే 20 వాట్ల ఎల్‌ఈడీ ట్యూబులైటు వేసుకోండి.

బల్బు ఎక్కడుందనేది కూడా ముఖ్యం. వీపు వెనక ఉంటే మన నీడే కత్తిపీట మీద, పొయ్యి మీద పడుతుంది. బియ్యంలో రాయి, శెనక్కాయ విత్తనాల్లో బూజు కనపడవు. బూజు పట్టిన విత్తనాలు కాలేయానికి చేటు. మనం చట్నీ చేసేది వాటితోనే కదా! అందుకని బల్బు మన ముందర, గట్టు పైన ఉండాల. పొయ్యి ఆవిరి నేరుగా తగలకుండా కొంచెం పక్కకు పెట్టించండి.

ఇంక రంగు సంగతి. డబ్బా మీద 6500 కె అని ఉంటే తెల్లని వెలుతురు, 3000 కె అంటే పసుపు. సి.ఆర్‌.ఐ. 80కి తగ్గకుండా ఉంటే కూరగాయల రంగు ఉన్నదున్నట్టు కనపడుతుంది. లైటు మారితే పట్టు రంగు ఎట్లా మారి కనపడుతుందో ధర్మవరం మగ్గాల అక్కలకు నేను చెప్పాల్సిన పని లేదు.

బి.ఐ.ఎస్‌. గుర్తు, స్టార్‌ గుర్తు చూసి, బిల్లు, గ్యారంటీ అడిగి తీసుకోండి. స్విచ్‌ ఆపి, బల్బు ఆరినాక పొడిగుడ్డతో జిడ్డు తుడవండి. పాత సి.ఎఫ్‌.ఎల్‌. పగిలితే అందులో పాదరసం ఉంటుంది. పిల్లోళ్లను బయటికి పంపి, కిటికీలు తెరిచి, చేత్తో ముట్టకుండా అట్టముక్కతో ఎత్తండి.

వచ్చే సంఘం మీటింగులో ప్రతి సభ్యురాలు తన వంటింటి బల్బు ఎన్ని వాట్లో, ఎక్కడుందో చెప్పాల. మినిట్స్‌ బుక్కులో రాసుకుందాం. మూడు నెలలైనాక కరెంటు బిల్లులు పక్కపక్కన పెట్టి చూద్దాం.