రైతు వేషంలో బళ్ళారి రాఘవ

గార్లదిన్నె ప్రాంతాన పెనకచెర్ల ఆనకట్టను దాటిన పెన్నానది పామిడి మీదుగా సాగి తాడిపత్రి చేరుతుంది. వానలు కురిసిన యేడు నీరు, కురవని యేడు ఇసుక. ఆ తాడిపత్రిలోనే 1880 ఆగస్టు 2వ తేదీన రాఘవాచార్యులు గారు జన్మించారు. లోకానికి ఆయన బళ్ళారి రాఘవ. అనంతపురం జిల్లా ఏర్పడింది 1882లో. అంటే ఆయన పుట్టిన నాటికి తాడిపత్రి బళ్ళారి జిల్లాలోనిదే. 1953లో బళ్ళారి మైసూరు రాష్ట్రంలో చేరినా, రాఘవను మాత్రం ఆంధ్రులూ కన్నడిగులూ తమవాడనే చెప్పుకుంటూ వచ్చారు.

ఆంధ్ర నాటక పితామహులని పేరొందిన ధర్మవరం రామకృష్ణమాచార్యులు గారు ఆయనకు మేనమామ. మేనమామ నెలకొల్పిన సరసవినోదినీ సభ బళ్ళారిలో ఉండగా నటన ఆ బాలునికి ఇంటి విద్య అయింది. మద్రాసులో పట్టం పుచ్చుకుని, న్యాయశాస్త్రం చదివి, బళ్ళారిలో వకీలుగా స్థిరపడ్డారు. నటనను బ్రతుకుతెరువుగా చేసుకోలేదు. తెలుగు, కన్నడం, హిందీ, ఇంగ్లీషు భాషలలో వేషాలు ధరించారు. హరిశ్చంద్రుడు, దుర్యోధనుడు, పఠాను రుస్తుం, షేక్స్పియరు మహాకవి సృష్టించిన ఒథెల్లో, షైలాకు - ఇవన్నీ ఆయన పాత్రలే. 1928లో ఇంగ్లండు వెళ్ళి బెర్నార్డ్ షాను కలుసుకున్నారు.

ఆ కాలపు నాటకమంటే పద్యం; పద్యమంటే రాగం. నటుడు హార్మోనియం పెట్టె పక్కన నిలిచి రాగం తీస్తూ వుంటే కథ అక్కడే ఆగిపోయేది. కన్నకొడుకు శవం ముందున్న తండ్రి సంగీత కచేరీ చేస్తాడా అని అడగటానికి ఎవరికీ తోచలేదు. రాఘవ గారు అడిగారు. మాట మనిషి మాటలా వుండాలని, మాట లేనిచోట ముఖమే మాట్లాడాలని ఆచరించి చూపారు. స్త్రీపాత్రలను స్త్రీలే ధరించాలని పట్టుబట్టి, కుటుంబ స్త్రీలను రంగస్థలానికి తెచ్చారు. దానికి ఎదురైన నిందను కూడా తానే భరించారు.

అయితే రంగస్థలంపై నటన తెర పడిన మరుక్షణమే మాయమయ్యేది. నిలిచేది చలనచిత్రం ఒక్కటే. ఆ చలనచిత్రం మహానటులను తరచు ఆలస్యంగానే పిలిచింది. ఫ్రాన్సు దేశపు మహానటి సారా బెర్నార్ 1912లో ఎలిజబెత్ రాణిగా తెరపై కనిపించే నాటికి అరవైయేడేళ్ళ వయస్సు. దేశదేశాలను మెప్పించిన ఆమె కంఠస్వరం ఆ మూగచిత్రంలో వినిపించనే లేదు. రాఘవ గారి నాటికి చిత్రం మాట నేర్చింది గాని, ఆయనకూ అప్పటికి యాభైయారేళ్ళు. 1936లో ‘ద్రౌపదీ మానసంరక్షణము’లో దుర్యోధనుడుగా నటించారు. అదే యేట అదే కథతో ‘ద్రౌపదీ వస్త్రాపహరణం’ అనే మరొక చిత్రం వచ్చింది. పోటీలో ప్రజలు రెండవదానినే ఆదరించారు.

ఆయనకు తగిన పాత్ర 1939లో లభించింది. గూడవల్లి రామబ్రహ్మం గారు తీసిన ‘రైతుబిడ్డ’లో రాఘవ గారు నర్సిరెడ్డి అనే రైతు. షావుకారుకు బాకీపడి, ఎన్నికలలో జమీందారు పక్షానికి గాక రైతుపక్షానికి ఓటు వేసినందుకు కష్టాలపాలయిన మనిషి. కిరీటం లేదు, గద లేదు, పద్యం లేదు. ఆయన ఇన్నేళ్ళుగా కోరిన సహజనటనకు అంతకంటే అనువైన వేషం మరొకటి వుండదు. ఆ చిత్రంపై జమీందారులు ఆగ్రహించారు. కొన్నిచోట్ల ప్రదర్శన నిషేధింపబడింది. రాజుల వేషాలకు చప్పట్లు కొట్టిన లోకం రైతు వేషానికి జడిసిందన్నమాట! మరుసటి యేడు ‘చండిక’లో నటించారు. 1946 ఏప్రిల్ 16వ తేదీన బళ్ళారిలో కన్నుమూశారు. అక్కడి రాఘవ కళామందిరం ఆయన పేరును నిలుపుతున్నది.

మన దత్తమండలాలలో మన్రో దొర కాలం నుంచీ రైత్వారీ పద్ధతియే గనుక, జమీందారు మనకంతగా తెలియకపోవచ్చు. అప్పు తెలుసు. వాన కోసం ఆకాశం వంక, వాయిదా కోసం షావుకారు వంక చూసే చూపు తెలుసు. గార్లదిన్నె చుట్టుపట్ల వేరుసెనగ విత్తి మేఘం కోసం ఎదురుచూసిన రైతు ముఖంలో ఎంత కథ వుందో వేరే చెప్పనక్కరలేదు. ఇంగ్లీషులో ఒథెల్లోగా నటించగల వకీలు ఆ ముఖాన్ని కూడా మహానటుడు ధరింపదగిన పాత్రగా ఎంచాడు. రాఘవ గారి గొప్పతనం అందులో వుంది. పండుగనాడు నాటకం కట్టే మన పల్లె యువకులు దుర్యోధనుని మీసం దిద్దుకునే ముందు, అరుగుమీద కూర్చున్న తమ తాతగారి ముఖాన్ని ఒక్కసారి తేరిపార చూడటం మంచిది.