కల్పిత లోకంలో మంత్రవిద్య
(ప్లాటినం జూబిలీ సభలో ప్రధానోపాధ్యాయిని చేసిన ప్రసంగ పాఠం)

 

కార్యక్రమ పత్రంలో నా ప్రసంగ విషయం చూసి కొందరు పెద్దలు నవ్వుకొన్నారని విన్నాను. ఇట్టి సభలో ప్రధానోపాధ్యాయిని ఉత్తీర్ణతా శాతాలు చదవాలి గాని మాంత్రికుల ఊసెందుకని వారి భావం కాబోలు. ఆ పట్టిక వేరుగా అచ్చు వేయించాము. ఆసక్తి గలవారు చూడవచ్చును. కథలో మంత్రం ఎట్లా పుడుతుంది, ఎట్లా నమ్మిస్తుంది అన్నదే ఈనాడు నేను చెప్పదలచిన విషయం.

ఈ విద్యకూ మన చెన్నపట్టణానికీ దగ్గరి చుట్టరికం ఉన్నది. 1947 జూలైలో 'చందమామ' తెలుగు, తమిళ భాషలలో ఇక్కడే ఆరంభమైంది. 'పాతాళభైరవి' (1951), 'మాయాబజార్' (1957) చిత్రాలు ఈ నగరంలోని స్టూడియోలలోనే రూపు దిద్దుకొన్నవి. రెండింటికీ దర్శకులు కె.వి.రెడ్డి గారు, మాటలు పింగళి నాగేంద్రరావు గారివి, ఛాయాగ్రహణం మార్కస్ బార్ట్లీ గారిది. కంప్యూటరు సహాయం ఎరుగని రోజులవి. కెమెరాను ఆపి, వస్తువును మార్చి, మళ్ళీ నడపడం. ఒకే ఫిలిముపై రెండు మార్లు చిత్రించడం. ఇవే ఆనాటి ట్రిక్కు ఫోటోగ్రఫీకి ఆధారాలు. ఈనాటి పిల్లలకు ఆ రహస్యం చెప్పినా వారి ఆనందం తగ్గదు. కారణమేమి?

మనలను నమ్మించేది కెమెరా ఒక్కటే కాదు, కథలోని కట్టడి. నేపాళ మాంత్రికుడు ఎంతటి విద్యావంతుడైనా పాతాళభైరవి ప్రతిమను తనంత తాను పొందలేడు. ఒక సాహసవంతుడిని బలి ఇవ్వాలి. అందుకే అతనికి తోటరాముడు కావలసివచ్చాడు. మళ్ళీ అతని శక్తి గడ్డంలో ఉన్నదన్నది మరొక కట్టడి. అంజి చేతిలో అది కాస్తా పోయేసరికి విద్య అంతా వట్టిపోయింది. అన్నీ చేయగల మాంత్రికునికి కథ లేదు. చేయలేనిది ఏమిటో తేలిన తరువాతనే అతడు మనకు పాత్రగా కనిపిస్తాడు.

బేతాళ కథల కట్టడి ఇంకా గొప్పది. సమాధానం తెలిసీ చెప్పకపోతే రాజు తల పగులుతుంది. చెబితే మౌనభంగమై శవం మళ్ళీ చెట్టెక్కుతుంది. మంత్రదండమూ లేదు, మెరుపులూ లేవు. రెండు నియమాల నడుమ ఒక బుద్ధిమంతుడు చిక్కుకొన్నాడు, అంతే. 'చందమామ' పాఠకులకు ఆ చిక్కు దశాబ్దాల తరబడి విసుగు కలిగించలేదు.

'మాయాబజార్' సంగతి వేరు. శశిరేఖా పరిణయం వ్యాసభారతంలో లేదు. మనసుకు ప్రియమైనదానిని చూపే ప్రియదర్శిని, నిలబడినవానిచేత నిజం పలికించే సత్యపీఠం మన కవుల కల్పనలు. శకుని అంతటివాడు ఆ పీఠమెక్కి లోని మాట కక్కుతుంటే మనం నవ్వుతాం గాని, దానిని కల్పించినవారి చాతుర్యాన్ని ఎంతమంది గమనించారు? ఇక మాటల గారడీ చూడండి. 'అస్మదీయ' అన్న సంస్కృత పదం 'అసమదీయ' అయింది. దానికి జతగా 'తసమదీయ' పుట్టింది. రెండవది ఏ నిఘంటువులోనూ లేకున్నా అర్థం కానివారు లేరు. భాష బాగా వచ్చినవారికే ఇట్టి అల్లరి సాధ్యం. కల్పిత లోకానికి మొదటి మంత్రం మాటయే.

ఇక్కడనే నా అసలు బెంగ ఉన్నది. 2006లో వచ్చిన చట్టం వలన మన రాష్ట్రంలో తమిళం ఒకటవ తరగతి నుండి క్రమంగా తప్పనిసరి అయింది. ఆ వరుసలోని తొలి పిల్లలు 2016లో పదవ తరగతి పరీక్షకు వచ్చారు. తమిళం ఈ నేల భాష, మనకు అన్నం పెట్టే భాష; మన పిల్లలు చక్కగా నేర్వవలసినదే. అయితే తెలుగుకు మిగిలిన పీరియడ్లు కొద్ది. ఆ కొద్ది కాలంలో సంధులూ సమాసాలూ బట్టీ పట్టిస్తే మార్కులు రావచ్చును. 'తసమదీయ' వంటి మాట పుట్టదు.

అందుచేత తొమ్మిదవ తరగతిలో ఒక అభ్యాసం పెట్టాను. మీరొక మంత్రవస్తువును కల్పించండి. అది ఏమి చేయగలదు, ఏమి చేయలేదు, వాడినవాడు ఏ మూల్యం చెల్లించాలి, మూడూ వ్రాయండి అన్నాను. ఎగిరే తివాచీలు, మాయమయ్యే టోపీలు చాలా వచ్చినవి. వాటిలో సగం సెల్‌ఫోనుకు మారుపేర్లు! ఒక బాలిక మాత్రం ఒక మాంత్రికుని కథ వ్రాసింది. అతడు మంత్రం పఠించినప్పుడల్లా అతని సొంత భాషలోని ఒక మాట శాశ్వతంగా పోతుంది. మొదట పనికిరాని మాటలే పోతాయి గనుక అతడు చింతించడు. తరువాత పండ్ల పేర్లు, వానల పేర్లు, వావివరుసలు పోతాయి. ధనరాసులతో ఇల్లు చేరిన నాడు వాకిట నిలిచిన ముసలమ్మను ఏమని పిలవాలో అతనికి తోచదు. ఆ కాగితం చదివి ఉపాధ్యాయుల గదిలో మేము కొంతసేపు మాట్లాడుకోలేదు. ఆ పిల్ల ఇంట్లో మాట్లాడేది సగం తమిళం, సగం తెలుగు. ఈ కట్టడి ఎక్కడ దొరికిందని అడిగితే, "ఊరికే తోచిందండీ" అన్నది.

ఇట్టి రచనలు మూఢనమ్మకాలను పెంచవా అని ఒక తండ్రి అడిగారు. న్యాయమైన ప్రశ్నయే. నా అనుభవంలో తాను స్వయంగా మంత్రాన్ని కల్పించిన బిడ్డకు అది కల్పన అని అందరికంటె ముందు తెలుస్తుంది. రేపు ఎవరైనా విభూది రాల్చి డబ్బు అడిగితే, "మీ విద్యకు కట్టడి ఏమిటి స్వామీ?" అని అడిగే ధైర్యం ఆ బిడ్డకు ఉంటుంది.

పూర్వ విద్యార్థులకు ఒక విన్నపం. మీ ఇళ్ళ అటకల మీద పాత 'చందమామ'లు ఉంటే, ముఖ్యంగా దాసరి సుబ్రహ్మణ్యం గారి ధారావాహికలు ఉన్న సంచికలు, మన గ్రంథాలయానికి ఇప్పించండి. అట్టలు ఊడినా, పుటలు చిరిగినా ఫరవాలేదు. బైండు మేము చేయించుకొంటాము. సభానంతరం గ్రంథాలయం తెరిచే ఉంటుంది. సెలవు.