మార్కుల తగాదా: కోర్టు మెట్లెక్కే ముందు
(వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఏటా ఈ సభలో మంచి మార్కులు తెచ్చుకున్న పిల్లలకు బహుమతులిస్తాం, చప్పట్లు కొడతాం. సంతోషమే. ఇవాళ మాత్రం, రావలసిన మార్కులు రాలేదని ఇంట్లో ఓ మూల కూర్చుని ఏడ్చే పిల్లల గురించి రెండు మాటలు మనవి చేసుకుంటాం.

రెండేళ్ల క్రితం ఫలితాలొచ్చిన మర్నాడు, టైలరింగ్ షాపు నడుపుకునే మన సభ్యులొకరు కూతుర్ని వెంటబెట్టుకుని మా దగ్గరికొచ్చారు. అన్నింట్లో ఎనభై దాటిన పిల్ల, లెక్కల్లో మాత్రం ఫెయిలు. "హైకోర్టులో కేసు వేద్దాం భాయ్‌సాబ్, నగలు కుదువ పెడతాను" అన్నారాయన. "తొందరపడకండి, నలుగుర్నీ అడిగి చెబుతాం" అన్నాం మేము. అడుగుతూ అడుగుతూ రోజులు గడిపేశాం. తీరా చూస్తే రీకౌంటింగుకు దరఖాస్తు గడువు రెండు రోజుల ముందే దాటిపోయింది. సమాచార హక్కు సంగతి మాకు తట్టేసరికి పేపర్లు భద్రపరిచే కాలం కూడా అయిపోయింది. ఆ పేపరులో పొరపాటు ఉందో లేదో ఈనాటికీ తెలియదు. తప్పు ఆయనది కాదు, మాది. ఆ తరువాతే చట్టం ఏమంటుందో శ్రద్ధగా తెలుసుకున్నాం.

మొదట ఒక నిజం చెప్పాలి. జడ్జిగారు మన పిల్లల పేపరు దిద్దరు. 1984లో మహారాష్ట్ర బోర్డు కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చి చెప్పింది. నిబంధనల్లో లేనప్పుడు పునర్మూల్యాంకనం కోరే హక్కు విద్యార్థికి లేదన్నది. లక్షల పేపర్లను మళ్లీ మళ్లీ దిద్దుతూ పోతే ఫలితాలకు అంతే ఉండదు గదా! 2017 డిసెంబరులో ఉత్తర ప్రదేశ్ ఉపాధ్యాయ నియామక పరీక్ష కేసులోనూ అదే ధోరణి. అభ్యర్థి మీద జాలితో మార్కులు మార్చడం కోర్టు పని కాదన్నారు.

మరి తలుపులన్నీ మూసేసినట్టేనా? కాదు. 1983లో కాన్పూర్ విశ్వవిద్యాలయం కేసు చూడండి. వైద్య ప్రవేశ పరీక్షలో అధికారుల 'కీ'యే తప్పు. పాఠ్యపుస్తకాలు ఒకటి చెబితే కీ మరొకటి చెప్పింది. తప్పు కళ్లకు కట్టినట్టు రుజువైంది గనుక సుప్రీంకోర్టు విద్యార్థుల పక్షమే నిలిచింది. అంటే, "మావాడు బాగా రాశాడు" అంటే చాలదు. తప్పు ఇదిగో అని చూపించాలి.

చూపించాలంటే పేపరు చేతికి రావాలి. ఆ దారి 2011 ఆగస్టు 9న తెరుచుకుంది. సి.బి.ఎస్.ఇ. కేసులో, దిద్దిన జవాబుపత్రం కూడా 2005 నాటి సమాచార హక్కు చట్టం కింద 'సమాచారమే' అని సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. రాసిన విద్యార్థి దాన్ని చూడవచ్చు, నకలు తీసుకోవచ్చు. దిద్దినవారి పేరు మాత్రం ఇవ్వరు. పేపరు భద్రపరిచే కాలంలోపు అడగాలి. ఈ హక్కు చూడడం వరకే. మళ్లీ దిద్దించాలంటే బోర్డు నిబంధనలే ఆధారం.

చూస్తే ఏం దొరుకుతుందంటారా? 2019లో తెలంగాణ ఇంటర్ ఫలితాలు గుర్తుండే ఉంటాయి. 99 మార్కులు రావలసిన ఒక అమ్మాయికి తెలుగులో సున్నా పడింది. ఫెయిలైన వారందరి పేపర్లూ ప్రభుత్వం ఉచితంగా తిరిగి చూపిస్తే వెయ్యిమందికి పైగా పాసయ్యారు. కానీ అంతలోనే కొందరు పిల్లలు ప్రాణాలు తీసుకున్నారు. ఆ ఇళ్లకు ఏ తీర్పు ఊరటనిస్తుంది?

అందుచేత తల్లిదండ్రులకు మా మనవి. ఫలితం రాగానే పిల్లను తిట్టకండి, పక్కన కూర్చోండి. ఆ రోజే గడువు తేదీ గోడ మీద రాసి పెట్టండి. బోర్డు పద్ధతిలో రీకౌంటింగుకు, నకలుకు దరఖాస్తు చేయండి. సమాచార హక్కు కింద కూడా అడగవచ్చు. దరఖాస్తు రుసుము పది రూపాయలే, జవాబుకు 30 రోజుల గడువు. రాకపోతే పై అధికారికి అప్పీలు ఉంది. పేపరు వచ్చాక సబ్జెక్టు టీచరు చేత చూపించండి. దిద్దకుండా వదిలేసిన జవాబు ఉందా, కూడికలో తప్పుందా, లోపలి మార్కులు అట్టమీదికి సరిగా ఎక్కాయా, ఇవి చూడాలి. తప్పు కనబడీ బోర్డు సరిచేయకపోతే, అప్పుడు వకీలు దగ్గరికి వెళ్దాం. అంతవరకు నగలు బీరువాలోనే ఉండనివ్వండి.

ఈ ఏడాది నుంచి ఫలితాలొచ్చిన రోజు మొదలు పదిహేను రోజులపాటు, సాయంత్రం వేళ మేము సంఘం ఆఫీసులో కూర్చుంటాం. దరఖాస్తులు రాసి పెడతాం. ఆ టైలరు భాయ్ కూతురు మళ్లీ పరీక్ష రాసి పాసయింది, ఇవాళ ఈ సభలోనే ఉంది. దరఖాస్తులు రాయడానికి తానూ వస్తానన్నది. మా ఆలస్యాన్ని ఆ బిడ్డ మన్నించిందనే అనుకుంటున్నాం.