ఎదిగే వయస్సు, ఎదలోని భయం
(ప్లాటినం జూబిలీ సభలో చేసిన ప్రసంగపాఠం)



పదవ తరగతి చదివే పిల్లను "పెద్దయ్యాక ఏమవుతావమ్మా?" అని అడగని బంధువు ఉండడు. ఆ పిల్ల నవ్వి ఊరుకుంటుంది. ఆ నవ్వు వెనుక సిగ్గు మాత్రమే కాదు, భయం కూడా దాగి ఉంటుంది. తెలుగులో చదివిన తాను కళాశాలలో ఇంగ్లీషు పాఠాన్ని అందుకోగలదా? ఇంటివారు పైచదువు చదివిస్తారా, పెండ్లి మాట ఎత్తుతారా? మారుతున్న శరీరాన్ని గురించి ఎవరిని అడగాలి?

హోసూరు సీమలో ఈ భయానికి మరొక ముడి ఉన్నది. ఇంట తెలుగు, పొరుగున కన్నడం, ప్రభుత్వ కార్యాలయంలో తమిళం. 2006 నాటి తమిళ అభ్యసన చట్టం ఒకటవ తరగతితో మొదలై, ఏటేటా పైకి సాగి, 2015-16లో పదవ తరగతిని చేరింది. అప్పుడు ఏ భాషా పరీక్ష వ్రాయవలసివస్తుందో తెలియక, న్యాయస్థానం ఇచ్చే మినహాయింపు కొరకు పిల్లలు ఎదురుచూచారు. మరొక భాష నేర్వడం బరువు కాదు. రేపు ఏమవుతుందో తెలియకపోవడమే బరువు.

ఆ బరువును పిల్ల చెప్పబోతే తల్లి "పెద్దయితే నీకే తెలుస్తుందిలే" అంటుంది. ఉపాధ్యాయుడు "ముందు మార్కులు తెచ్చుకో" అంటాడు. ఇద్దరిదీ ప్రేమే, కాని పిల్ల అడిగిన ప్రశ్న అడిగినట్లే మిగిలిపోతుంది. పద్దెనిమిది నిండితే ఆడపిల్లకు చట్టం పెండ్లికి అనుమతిస్తుంది. 1989 నుండి ఆ వయస్సుకే ఓటు హక్కును కూడా ఇస్తున్నది. ధైర్యాన్ని మాత్రం చట్టం ఇవ్వలేదు. అది ఇంటిలో, బడిలో దొరకాలి.

తొరపల్లిలో 1878లో జన్మించి, హోసూరులో చదువుకొని, 1891లో మెట్రిక్యులేషన్ ముగించి, బెంగుళూరు సెంట్రల్ కళాశాలలో చేరిన రాజాజీ 1948లో గవర్నర్ జనరల్ అయ్యారని ఈ ప్రాంతపు పిల్లలందరికీ చెబుతారు. ఊరు విడిచి నగరంలో అడుగుపెట్టిన నాడు ఆ బాలుని గుండె ఎలా కొట్టుకొన్నదో ఎవరూ ఊహించరు. నేటికీ ఎందరో పిల్లలు సాగే దారి అదే.

కనుక పూర్వ విద్యార్థులకు ఒక విన్నపం. ఏటా ఒకసారి పదవ తరగతి గదికి రండి. మీ పదవులను గాక, కళాశాలలో మొదటి దినాన నోరు పెగలని ఘడియను చెప్పండి. సిప్‌కాట్ కర్మాగారపు గేటు ముందు తడబడిన అడుగును చెప్పండి. తలిదండ్రులారా, ఈ రాత్రి భోజనవేళ మార్కులు అడగక, "నీకు దేనికి భయం, తల్లీ?" అని అడగండి, జవాబు వచ్చేదాకా ఓపిక పట్టండి. భయపడినవారే పెద్దవారయ్యారని తెలిసిన బిడ్డ, తానూ పెద్దది కాగలనని నమ్ముతుంది.

స్వస్తి.